కొండను మోసినవాడు, కారును ఎత్తినవాడు



కరీంనగర్ నుండి జగిత్యాల పోయే దారిలో, సుమారు 35 కిలోమీటర్ల దూరాన, ముత్యంపేట దగ్గర కొండగట్టు ఉన్నది. 2016 అక్టోబరు వరకు అది కరీంనగర్ జిల్లాలోనిది; జిల్లాల పునర్విభజన జరిగినప్పుడు జగిత్యాల జిల్లాలో చేరినది. అక్కడి ఆంజనేయస్వామికి చైత్ర పౌర్ణమినాడు చిన్న జయంతి, వైశాఖ బహుళ దశమినాడు పెద్ద జయంతి జరుగుతవి. ఆ రోజులలో దీక్ష పట్టిన స్వాములు కాషాయ వస్త్రాలు ధరించి, పల్లె పల్లె నుండి కాలినడకన వచ్చి, ఇక్కడ మాల విరమిస్తారు. కొండ కింద నుండి పైదాకా నేల కనపడదు. ఎటు చూచినా కాషాయమే.

ఒక చిన్న జయంతికి నా మేనల్లుణ్ణి వెంటబెట్టుకొని నేను కొండకు పోయాను. వాడికి ఏడేండ్లు. దర్శనమై వస్తుంటే ఆటబొమ్మల దుకాణం ముందర ఆగిపోయాడు. తాటికి వరుసగా వ్రేలాడుతున్న బొమ్మలలో పక్కపక్కనే రెండు ఉన్నవి. ఒకటి గద పట్టిన హనుమంతుడు. రెండవది నీలిదుస్తుల మీద ఎర్రని ఉత్తరీయం కట్టి, రొమ్ము మీద ఒక ఆంగ్లాక్షరం తాల్చిన సూపర్‌మాన్. పిల్లవాడు రెంటినీ మార్చి మార్చి చూచి నన్ను అడిగాడు: “మామా, గీ ఇద్దర్ల ఎవలు గట్టోళ్ళు?”

నేను నోరు తెరిచే లోపలే దుకాణం పెట్టుకొన్న ముసలమ్మ జవాబు చెప్పింది: “ఏది వట్టుకుంటె గదే గట్టిది కొడుకా! రెండూ ఎనబై రూపాలే.”

ఆమె వ్యాపారం ఆమె చేసుకొన్నది. వాడు గద ఉన్న బొమ్మను తీసుకొన్నాడు. కాని వాడి ప్రశ్న మాత్రం నాతోపాటు ఇంటికి వచ్చింది. ఈనాటి నా ప్రసంగం ఆ ప్రశ్నకు ఆలస్యంగా చెప్పుకొంటున్న సమాధానం. హనుమంతుని కథ మీకందరికీ తెలిసినదే. కనుక ముందుగా ఆ రెండవ బొమ్మ కథ మనవి చేస్తాను.

అమెరికా దేశంలో క్లీవ్‌లాండ్ అనే నగరం ఉన్నది. 1930 ప్రాంతాలలో ఆ ఊరి ఉన్నత పాఠశాలలో ఇద్దరు యువకులు చదువుకొంటూ ఉండేవారు. ఒకరి పేరు జెర్రీ సీగెల్, రెండవవారు జో షుస్టర్. ఇద్దరూ 1914లో పుట్టినవారే. ఇద్దరివీ ఐరోపా నుండి పొట్ట చేతబట్టుకొని వలస వచ్చిన యూదు కుటుంబాలు. సీగెల్ కథలు రాసేవాడు, షుస్టర్ బొమ్మలు గీసేవాడు. ఆటలలో గాని, నలుగురిలో నెగ్గుకురావటంలో గాని ఇద్దరూ వెనుకబడ్డవారే. షుస్టర్‌కు అప్పటికే కంటిచూపు అంతంతమాత్రం.

సీగెల్ తండ్రికి బట్టల దుకాణం ఉండేది. 1932 జూన్ నెలలో ఒక రాత్రి ఆ దుకాణంలో దొంగలు పడ్డారు. ఆ గలాటాలో తండ్రి గుండె ఆగి చనిపోయాడు. కొడుకుకు అప్పుడు 17 ఏండ్లు. కొన్ని నెలలు గడిచిన తరువాత, 1933 జనవరిలో, ఈ ఇద్దరు మిత్రులూ తామే నడుపుకొంటున్న ఒక చిన్న పత్రికలో ‘సూపర్‌మాన్’ అన్న మాటను పేరులో పెట్టి ఒక కథ ప్రకటించారు. అయితే ఆ కథలోని సూపర్‌మాన్ వీరుడు కాడు. బోడితల గల దుర్మార్గుడు. అసాధారణమైన శక్తి దొరకగానే లోకాన్నంతటినీ తన పాదాల కింద పెట్టుకోవాలని చూస్తాడు.

శ్రోతలు ఈ ఒక్క సంగతి గుర్తుంచుకోవలెనని మనవి. ఇవాళ ప్రపంచమంతటా పిల్లలు ఆరాధించే ఈ వీరుడు మొదట పుట్టినది ప్రతినాయకుడుగా. బలం అప్పుడూ ఉన్నది, ఇప్పుడూ ఉన్నది. ఆ తరువాత మారినది ఆ బలం ఎవరి పక్షాన నిలిచిందన్నది మాత్రమే.

యువకులు ఆ పాత్రను తిరగరాశారు. దూరాన క్రిప్టాన్ అనే గ్రహం పేలిపోతుండగా, ఒక శాస్త్రజ్ఞుడు తన పసికందును చిన్న నౌకలో పెట్టి భూమికి పంపుతాడు. ఆ బిడ్డ ఇక్కడ పెరిగి పెద్దవాడై, పగలు క్లార్క్ కెంట్ అనే పేరుతో పత్రికా విలేఖరిగా, కళ్ళద్దాలు పెట్టుకొన్న పిరికివాడుగా తిరుగుతాడు. ఆపద వచ్చినచోట మాత్రం వేషం మార్చి నిలబడతాడు. ఈ కథను పట్టుకొని మిత్రులిద్దరూ ఏండ్ల తరబడి పత్రికాసంస్థల చుట్టూ తిరిగారు. ఇది పిల్లచేష్ట అని కొందరు, అపక్వమని కొందరు తిరగ్గొట్టారు. చివరకు 1938 మార్చిలో ఒక ప్రచురణ సంస్థ ఆ కథను కొన్నది. మొదటి 13 పుటలకూ, ఆ పాత్ర మీద సర్వ హక్కులకూ కలిపి ఇచ్చిన సొమ్ము 130 డాలర్లు.

1938 జూన్ సంచికగా ‘యాక్షన్ కామిక్స్’ మొదటి ప్రతి వెలువడినది. వెల 10 సెంట్లు. ముఖపత్రం మీద ఆ వీరుడు ఒక కారును తలకు పైగా ఎత్తి బండకు కొడుతూ ఉంటాడు. చుట్టూ ఉన్నవారు భయపడి పారిపోతూ ఉంటారు.

అది అమెరికాలో ఆర్థికమాంద్యం రోజులు. మిల్లులు మూతబడి, కోట్లమందికి పని లేక, ఉన్న పొదుపు బ్యాంకులతోపాటు మునిగిపోయిన కాలం. ఆ మొదటి కథలలో సూపర్‌మాన్ ఎవరితో పోరాడాడో గమనించండి. చేయని హత్యకు మరణశిక్ష పడిన ఒక స్త్రీని కాపాడటానికి అర్ధరాత్రి గవర్నరు ఇంటి తలుపులు విరగగొట్టి లోపలికి పోతాడు. భార్యను కొడుతున్న ఒక మగవాణ్ణి గోడకేసి విసురుతాడు. యుద్ధాలు ఎగదోసి ఆయుధాలు అమ్ముకొనేవాణ్ణి నిలదీస్తాడు. మూడవ సంచికలోనైతే, కార్మికుల రక్షణను పట్టించుకోని ఒక గని యజమానిని, అతని విందుకు వచ్చిన అతిథులతో సహా, అదే గనిలో చిక్కుకొనేటట్లు చేస్తాడు. గాలి ఆడని ఆ చీకటిలో కొంతసేపు ఉన్న తరువాత గాని ఆ పెద్దమనిషికి కార్మికుని బ్రతుకేమిటో అర్థం కాలేదు. సింగరేణి గనులను ఎరిగిన మన ప్రాంతపు పాఠకునికి ఈ కథను విడమరచి చెప్పనక్కరలేదు.

ఇంకొక విశేషం. ఆనాటి సూపర్‌మాన్‌కు ఎగరటం రాదు. గంతు వేసేవాడు. ఒక్క గంతుకు మైలులో ఎనిమిదవ వంతు దాటగలడని మొదటి సంచికలోనే రాశారు. అంటే మన లెక్కలో 200 మీటర్లు.

ఇక్కడ మన హనుమంతుడు గుర్తుకు రాకుండా ఉండడు. వాల్మీకి చెప్పిన హనుమంతుడు కూడా మహేంద్రగిరి మీద కాళ్ళు ఊని లంఘించినవాడే. దాటినది నూరు యోజనాల సముద్రం. అతడికీ మారువేషం ఉన్నది. రామలక్ష్మణులను మొట్టమొదట కలిసినప్పుడు భిక్షువు రూపంలో పోయాడు. లంకలో ప్రవేశించేటప్పుడు పిల్లియంత చిన్నవాడైపోయాడు. ఓషధిని గుర్తుపట్టలేక కొండనే పెకలించి తెచ్చాడు. ఆ కొండను మోసుకొని పోతుండగా ఒక ముక్క విరిగి పడినదనీ, అదే నేటి కొండగట్టు అనీ మన పెద్దలు చెప్పుకొంటారు. క్లీవ్‌లాండ్ యువకులు రామాయణం చూచి రాశారని నేను అనటం లేదు. ఆపదలో ఉన్న మనిషి ఏ దేశంలో ఉన్నా ఆకాశం వైపే చూస్తాడు. అక్కడి నుండి ఎవరైనా వస్తారేమోనని ఆశ పెట్టుకొంటాడు. ఇద్దరు వీరులకూ ఆ ఆశే కన్నతల్లి.

ఇప్పుడు మా వృత్తికి సంబంధించిన ముచ్చట ఒకటి చెప్పనివ్వండి. సూపర్‌మాన్‌ను బొమ్మల పుస్తకం కన్నది గాని, పెంచి పెద్దచేసినదానిలో రేడియోకు మంచి వాటా ఉన్నది. 1940 ఫిబ్రవరి 12న అమెరికా రేడియోలో ‘సూపర్‌మాన్ సాహసాలు’ ధారావాహికగా మొదలయినవి. 1951 దాకా నడిచినవి. బడ్ కాలియర్ అనే నటుడు ఆ పాత్రకు గొంతు ఇచ్చాడు. రేడియోలో దుస్తులు చూపించలేము. కళ్ళద్దాలు తీయటం చూపించలేము. కనుక ఆ నటుడు క్లార్క్ కెంట్‌గా సన్నని గొంతుతో మొదలుపెట్టిన వాక్యాన్ని మధ్యలోనే బొంగురు గొంతులోకి దించేవాడు. వింటున్న పిల్లలకు ఆ ఒక్క స్వరభేదంతో వేషం మారినట్లు తెలిసిపోయేది. మైకు ముందర కూర్చొని బ్రతికే మావంటివారికి ఇంతకన్న గొప్ప పాఠం లేదు.

గంతులు పోయి ఎగరటం వచ్చినది కూడా ఈ రోజులలోనే. రేడియోలో గాలి హోరుతో అతడు ఆకాశాన పోతున్నట్లు వినిపించేవారు. 1941లో వచ్చిన కదిలే బొమ్మల చిత్రాలలోనూ మాటిమాటికి గంతులు వేయించటం కంటే ఎగిరించటమే అందంగా కనిపించినది. పుస్తకం ఆ మార్పును తరువాత స్వీకరించినది. అతడి బలాన్ని హరించే క్రిప్టోనైట్ అనే రాయి కూడా మొదట 1943లో రేడియోలోనే పుట్టినది. బొమ్మల పుస్తకంలోకి అది చేరటానికి మరికొన్ని ఏండ్లు పట్టినది.

అన్నిటికంటే చెప్పుకోదగినది 1946 నాటి సంగతి. అప్పటికి రెండవ ప్రపంచయుద్ధం ముగిసినది. కాని నల్లవారినీ, యూదులనూ, వలస వచ్చినవారినీ ద్వేషించే కు క్లక్స్ క్లాన్ అనే ముసుగుల సంఘం అమెరికాలో మళ్ళీ తల ఎత్తుతున్నది. ఆ సంవత్సరం జూన్, జూలై నెలలలో సూపర్‌మాన్ రేడియో కథ ఆ సంఘాన్నే పోలిన ఒక ముఠాకు ఎదురునిలిచినది. చీనా వంశానికి చెందిన ఒక పిల్లవాడు బేస్‌బాల్ జట్టులో స్థానం సంపాదిస్తాడు. అది గిట్టని ముఠావారు ఆ కుటుంబం ఉంటున్న ఇంటి ముందర శిలువను తగులబెడతారు. సూపర్‌మాన్ ఆ పిల్లవాని పక్షాన నిలుస్తాడు. సాయంకాలం పూట పాలు తాగుతూ రేడియో వినే పిల్లల చెవిలో ఆ మాట పడింది. ముసుగు వేసుకొన్నవాడు వీరుడు కాడనీ, పిరికివాడనీ లక్షల ఇండ్లలో పిల్లలకు తెలిసిపోయినది. ఒక గొంతు చేయగలిగిన పని అది.

ఆ తరువాత సూపర్‌మాన్ బలం ఏటేటా పెరుగుతూ పోయినది. గోడకు అవతల ఉన్నది చూడగలడు, చూపుతో నిప్పు పుట్టించగలడు, గ్రహాలను తోయగలడు. ఈ శక్తి అంతా మన సూర్యుని పసుపు కాంతి వలన వచ్చినదని 1960 ప్రాంతంలో కారణం చెప్పారు. 1952లో టెలివిజన్ మీదికి, 1978లో క్రిస్టఫర్ రీవ్ నటించిన చలనచిత్రంతో ప్రపంచంలోని సినిమాహాళ్ళకూ వచ్చాడు. బలం మితిమీరితే కథలో రుచి పోతుంది గదా! ఎవరూ ఓడించలేనివాని పోరాటం చూడటానికి ఎవరికి ఉబలాటం ఉంటుంది? అందుచేత 1986లో అతడి శక్తులను తగ్గించి కథను మళ్ళీ మొదటి నుండి చెప్పారు. 1992లో పుస్తకంలో అతణ్ణి చంపారు. మరుసటి ఏడే బ్రతికించారు.

ఈ సందర్భంలో మన హనుమంతునికీ అతడికీ ఉన్న ఒక ముఖ్యమైన భేదం చెప్పవలసి ఉన్నది. సూపర్‌మాన్ బలహీనత బయట ఉన్నది, ఒక రాయిలో. హనుమంతుని బలహీనత లోపల ఉన్నది, మరపులో. చిన్ననాడు ఋషుల ఆశ్రమాలలో చేసిన అల్లరికి, ఎవరైనా గుర్తుచేసేదాకా తన బలం తనకు తెలియకుండా పోయేటట్లు వారు శపించారని ఉత్తరకాండ చెప్పుతున్నది. సముద్రతీరాన వానరులందరూ ఎవరి గంతు ఎంతో లెక్కలు చెప్పుకొంటుంటే, హనుమంతుడు ఒక పక్కన ఊరకే కూర్చున్నాడు. వృద్ధుడైన జాంబవంతుడు వచ్చి, నీవెవరివో తెలుసునా అని అడిగాడు. ఆ నాలుగు మాటలతో అతడు పెరిగాడు. అంటే మన వీరుణ్ణి లేపినది ఒక ముసలివాని గొంతు. దూకలేనివాడు దూకగలవాణ్ణి లేపాడు.

ఇక ఆ ఇద్దరు మిత్రుల సంగతి. 130 డాలర్లకు అమ్మిన పాత్ర కోట్లు గడించిపెట్టింది. కన్నవారికి మాత్రం జీతం రాళ్ళే మిగిలినవి. 1947లో న్యాయస్థానానికి పోయారు. మరుసటి సంవత్సరం కొంత సొమ్ముతో రాజీ కుదిరినది. కాని పుస్తకం మీద నుండి వారి పేర్లు తొలగిపోయినవి. సీగెల్ చిన్న గుమాస్తా ఉద్యోగంలో చేరాడు. షుస్టర్ చూపు మరింత క్షీణించి బొమ్మలు వేయలేకపోయాడు. 1975లో, పెద్ద చలనచిత్రం తయారవుతున్నదని తెలిసి సీగెల్ తన గోడు లోకానికి బహిరంగంగా చెప్పుకొన్నాడు. తోటి చిత్రకారులు, పత్రికలు అండగా నిలిచారు. ఆ డిసెంబరులో ఒక్కొక్కరికి ఏటా 20,000 డాలర్ల భృతి ఇవ్వటానికీ, వారి పేర్లు తిరిగి వేయటానికీ సంస్థ ఒప్పుకొన్నది. షుస్టర్ 1992లో, సీగెల్ 1996లో కన్నుమూశారు. ఆ 130 డాలర్లు కూడా చేర్చి రాసిన పాత చెక్కును 2012లో వేలం వేస్తే 1,60,000 డాలర్లు పలికినది. మొదటి సంచిక ప్రతి ఒకటి 2024లో 60 లక్షల డాలర్లకు పోయినది. బలహీనుల కొరకు నిలిచే వీరుణ్ణి సృష్టించినవారు తమ కొరకు నిలిచే మనిషిని చూడటానికి 28 ఏండ్లు ఎదురుచూశారు. ఆ చివరకు వచ్చినవారు కూడా ఎగిరి రాలేదు. కలం పట్టిన తోటివారు వచ్చారు.

కొండగట్టు స్థలపురాణంలోనూ ఇటువంటి మెలిక ఒకటి ఉన్నది. కొన్ని వందల ఏండ్ల కిందట సింగం సంజీవుడనే పశువుల కాపరి తప్పిపోయిన పశువును వెతుక్కొంటూ ఈ గుట్టకు వచ్చి, అలసి, చింతచెట్టు కింద నిద్రపోయాడట. కలలో ఆంజనేయస్వామి కనపడి, తాను పక్కనే ఉన్న ముళ్ళపొదలో ఉన్నాననీ, తనకు ఎండ నుండీ వాన నుండీ ముళ్ళ నుండీ రక్షణ కల్పించమనీ అడిగాడట. సంజీవుడు లేచేసరికి పశువు కనపడింది. గొడ్డలితో పొద నరికితే విగ్రహం కనపడింది. ఊరివారు కలిసి చిన్న గుడి కట్టారు.

ఈ కథను నేను చిన్నప్పటి నుండి విన్నాను. కాని దానిలోని వింత ఈ మధ్యనే తట్టింది. సముద్రం దాటినవాడు, కొండ మోసినవాడు, ఎండకు తాళలేక నీడ ఇమ్మని ఒక పశులకాపరిని అడుగుతున్నాడు! కాపరి వెతుకుతున్నది వీరుణ్ణి కాదు, తన పశువును. వీరుడే కాపరిని వెతుక్కొన్నాడు. ఇక్కడి వీరునికి హక్కుపత్రం లేదు. దుకాణంలో ముసలమ్మ గద బొమ్మ అమ్మినందుకు ఎవరికీ రుసుము కట్టనక్కరలేదు. ఎవరికి చేతనయినట్లు వారు అతణ్ణి చెక్కుకొన్నారు, పాడుకొన్నారు, ఆడుకొన్నారు.

అటువంటి నేల మీదికి సూపర్‌మాన్ వచ్చినప్పుడు ఏమి జరిగినదో చూడటం ముచ్చటగా ఉంటుంది. మన పిల్లలకు అప్పటికే బొమ్మలతో కూడిన వీరగాథలు ఉన్నవి. 1947 జూలైలో మొదలయిన చందమామలో పరాక్రమవంతులు, మాంత్రికులు నెలనెలా వచ్చేవారు. 1967లో అనంత్ పాయ్ అమర చిత్ర కథను ప్రారంభించి, పురాణవీరులను ఆ అమెరికా పుస్తకాల పద్ధతిలోనే, గళ్ళు గళ్ళుగా గీసిన బొమ్మలలోకి దించాడు. తెలుగు తెర మీద ఆంజనేయుడంటే అర్జా జనార్దనరావుగారి కండలు తిరిగిన విగ్రహమే ఒక తరానికి కండ్లలో మెదిలేది.

1980లో వి. మధుసూదనరావుగారి దర్శకత్వంలో నందమూరి తారకరామారావుగారు నాయకుడుగా ‘సూపర్‌మాన్’ అన్న పేరుతోనే ఒక తెలుగు చిత్రం వచ్చినది. పేరు అమెరికాది, ఉత్తరీయం అమెరికాది. కాని ఆ నాయకునికి శక్తి ఏ గ్రహం నుండీ రాలేదు. ఆంజనేయస్వామి అనుగ్రహం వలన వచ్చినది. ఆ చిత్రాన్ని చూచి నవ్వుకొన్నవారూ ఉన్నారు. నాకు మాత్రం అందులో మన ప్రేక్షకుని మనసు కనపడుతున్నది. పుట్టుకతో వచ్చిన బలాన్ని మనవాడు అంత తేలికగా నమ్మడు. బలం ఒకరు ఇవ్వవలెను. ఇచ్చినవారికి లెక్క చెప్పుకోవలెను. అప్పుడే అది ధర్మం తప్పకుండా ఉంటుందని అతని నమ్మకం.

2024 జనవరి 12న విడుదలయిన ప్రశాంత్ వర్మ చిత్రం ‘హను-మాన్’ ఈ దారిలో మరొక అడుగు వేసినది. అంజనాద్రి అనే కల్పిత గ్రామంలో చిల్లర దొంగతనాలు చేసుకొనే హనుమంతు అనే కుర్రవానికి ఒక మణి దొరుకుతుంది; దానితో హనుమంతుని బలం వస్తుంది. తేజ సజ్జా ఆ పాత్ర ధరించాడు. అందులోని ప్రతినాయకుణ్ణి గమనించవలెను. సూపర్‌హీరో కావాలన్న పిచ్చితో, కథలలోని వీరులందరూ తల్లిదండ్రులు లేనివారు గదా అని, చిన్నతనంలోనే తన తల్లిదండ్రులను చంపినవాడు అతడు. పేరు కొరకు బలం కోరినవాడొకడు. బలం వచ్చిపడ్డ తరువాత ఊరి కొరకు నిలబడ్డవాడొకడు. 1933లో ఇద్దరు కుర్రవాళ్ళు తమ పత్రికలో రాసిన బోడితల దుర్మార్గునికీ, 1938 నాటి వీరునికీ ఉన్న భేదమే ఇది. 90 ఏండ్ల తరువాత అదే ప్రశ్న మన భాషలో, మన ఊరి మాటలలో మళ్ళీ వినపడినది.

ఇక చివరగా కొంచెం బరువైన సంగతి. 2018 సెప్టెంబరు 11వ తేదీన కొండగట్టు ఘాట్ రోడ్డు మీద నుండి దిగివస్తున్న బస్సు లోయలో పడి అరవైమందికి పైగా చనిపోయారు. చుట్టుపక్కల పల్లెలలో ఏడుపు వినపడని వాడ లేదు. ఆనాడు మేము కొండ దిగుతుంటే, ఆ మలుపు దగ్గర ఎవరో ఆ సంగతి మాట్లాడుకోవటం మా పిల్లవాని చెవిని పడింది. చేతిలోని బొమ్మను చూచుకొంటూ వాడు రెండవ ప్రశ్న వేశాడు: “మరి గప్పుడు సామి ఎందుకు రాలే మామా?”

ఈ ప్రశ్నకు వేదాంతులు ఏమి చెప్తారో నాకు తెలియదు. బొమ్మల పుస్తకంలోనైతే ఆ బస్సు సగం దూరం పడే లోపల ఎర్రని ఉత్తరీయం ఒకటి వచ్చి దానిని ఎత్తి పట్టుకొనేది. మన లోకంలో అట్లా జరగదు. ఆనాడు లోయలోకి దిగినది చుట్టుపట్ల జనం. వారికి కొండలు మోసే బలం లేదు. ఎవరికి చేతనయినంత వారు మోశారు. వాడికి నేను అదే చెప్పాను: “వచ్చిన్రు బిడ్డా, శాన మంది వచ్చిన్రు.” వాడికి ఎంత అర్థమయినదో నేను చెప్పలేను. మెట్ల పక్కన ఒక ముసలాయన మూట దించుకోలేక అవస్థ పడుతుంటే మాత్రం, బొమ్మను నా చేతికిచ్చి పోయి ఒక చెయ్యి వేశాడు.

వీరగాథలు పిల్లలకు చెప్పవద్దనే పెద్దలు ప్రతి కాలంలోనూ ఉన్నారు. 1950ల్లో అమెరికాలో ఈ పుస్తకాలు పిల్లలను చెడగొడుతున్నవని పెద్ద ఆందోళనే జరిగినది. నా మనవి వేరు. చెప్పండి, కాని ఎంత బరువు ఎత్తాడన్న దగ్గర ఆపకుండా, ఎవరి కొరకు ఎత్తాడో అది కూడా చెప్పండి. హనుమంతుడు కొండను మోసినది ఒక్క లక్ష్మణుని ఊపిరి కొరకు. ఆ తొలి సూపర్‌మాన్ తలుపు విరగగొట్టినది ఒక నిరపరాధి ప్రాణం కొరకు. రేడియోలో అతడు గొంతు మార్చినది ఒక పరాయి పిల్లవాడు నిర్భయంగా ఆడుకోవటం కొరకు. ఆ రెండవ సగం చెప్పకపోతే మిగిలేది బోడితల దుర్మార్గుని కథే.

కనుక మేనల్లుని మొదటి ప్రశ్నకు నా సమాధానం ఇది. ఇద్దరిలో ఎవరు గట్టివారో తేల్చవలసిన పని మనకు లేదు. జాంబవంతుని పని మాత్రం మనకు ఉన్నది. ప్రతి ఇంట్లోనూ తన బలం తనకు తెలియక మూలన కూర్చున్న పిల్లవాడో, పిల్లో ఒకరుంటారు. వారికి గుర్తుచేసే గొంతు ఆ ఇంటి పెద్దలది కావలెను.

సెలవు.